ఒక్క రోజులో మూడు అగ్నిపర్వత దీవులు: ట్రొపేయా నుంచి స్ట్రోంబోలి దాకా

దక్షిణ ఇటలీలో కలాబ్రియా తీరాన ఉన్న ట్రొపేయా ఊళ్ళో ఎటు తిరిగినా రెండే కనబడతాయి. గుత్తులుగా కట్టి వేలాడదీసిన ఎర్ర ఉల్లిపాయలు, ‘ఒక్క రోజులో మూడు దీవులు’ అని రాసిన బోర్డులు. ఆ బోర్డులన్నిటి మీదా బొమ్మ ఒకటే: నల్లటి ఆకాశంలోకి ఎర్రగా నిప్పులు చిమ్ముతున్న స్ట్రోంబోలి. జనం ఆ బొమ్మ చూసే టికెట్ కొంటారు. కానీ అందరి పడవలూ చీకటి పడేదాకా అక్కడ ఆగవు. కొన్ని సాయంత్రం ఎండ ఉండగానే వెనక్కి తిరిగేస్తాయి. పగటి వెలుగులో ఆ కొండ మీద కనబడేది పొగ మాత్రమే. అందుకని టికెట్ కొనేముందు ధర కంటే ముందు అడగాల్సింది, చీకటి పడే వేళకి పడవ ఎక్కడ ఉంటుందని.

మా తరఫున ఆ మాట అడిగింది మా మామయ్యగారు. రాజమండ్రిలో ఆర్టీసీ కంట్రోలర్‌గా చేసి రిటైరయ్యారు. టైం టేబుల్ అంటూ ఒకటి కనబడితే దాన్ని విప్పి చూడకుండా ఉండలేరు. ఎన్నింటికి బయల్దేరుతుంది, ఏ దీవిలో ఎంతసేపు ఆగుతుంది, సముద్రం బాగాలేకపోతే డబ్బు వెనక్కిస్తారా, పడవ పాడైతే ఇంకోటి ఉందా... ఆయన తెలుగులో అడుగుతుంటే నేను ఇంగ్లీషులో చెప్పాను, కౌంటర్లో అమ్మాయి ఇటాలియన్‌లో లోపలికి కేకేసి కనుక్కుంది. చీకటి పడేదాకా ఉండే పడవ సెప్టెంబరు చివరి దాకా నడుస్తుందని తేలాక అప్పుడు డబ్బులిచ్చాం. టికెట్ కాకుండా దీవుల్లో దిగినందుకు అక్కడి మున్సిపాలిటీ వేసే పన్ను అని ఇంకో కొన్ని యూరోలు పడవ ఎక్కేటప్పుడు విడిగా తీసుకున్నారు. చిల్లర దగ్గరుంచుకోవడం మంచిది.

మేం మ్యూనిక్‌లో ఉంటాం. అత్తయ్యగారు, మామయ్యగారు వేసవి చివర్లో వచ్చారు. రోమ్, వెనిస్ లాంటివి అయిపోయాక ఇంకెక్కడికైనా అన్నప్పుడు, ఈ అగ్నిపర్వతాల మాట ఎత్తింది మావారు. విమానంలో లమేత్సియా దిగి, అక్కణ్ణుంచి తీరం వెంట గంటపాటు రైల్లో వెళ్తే ట్రొపేయా. ఊరంతా ఎత్తైన రాతి గట్టు మీద ఉంటుంది, రేవు కింద. ఆకాశం తేటగా ఉంటే సాయంత్రాలు ఆ గట్టు మీంచే సముద్రం అవతల స్ట్రోంబోలి త్రికోణంలా కనబడుతుంది. కళ్ళెదుట కనబడుతోంది కదా, ఎంత దూరంలే అనిపిస్తుంది. దాదాపు 60 కిలోమీటర్లు.

ఎయోలియన్ దీవులు మొత్తం ఏడు. సిసిలీకి ఉత్తరాన టిరేనియన్ సముద్రంలో ఉంటాయి. ఏడూ సముద్రగర్భంలోంచి లేచిన అగ్నిపర్వతాలే. 2000లో యునెస్కో వీటిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఎక్కువమంది సిసిలీలోని మిలాత్సో రేవు నుంచి వెళ్తారు, అదే దగ్గర. ట్రొపేయా నుంచైతే దూరం ఎక్కువ, కాబట్టి ఒక్క రోజులో వుల్కానో, లిపారి, స్ట్రోంబోలి చూపించి తీసుకొచ్చేస్తారు. ఇందులో ఒక సంగతి ముందే చెప్పాలి. మూడు దీవులు చూశామని ఇంటికొచ్చి చెప్పుకుంటాం గానీ, నిజానికి చూసేది మూడు రేవులు, ఒక కొండ. ఆ కొండ కోసం వెళ్ళాలి. మిగతా రెండింటి దగ్గర ఏదో ఒక్క పని పెట్టుకుని, అది చేసుకుని వచ్చేయాలి.

పొద్దున ఏడున్నరకి పడవ. రబ్బరు బోట్లు కూడా ఉన్నాయి, పదిమందో పన్నెండుమందో ఎక్కేవి. అవి వేగంగా పోతాయి గానీ ప్రతి అలకీ నడుము అదిరిపోతుంది, బాత్రూం ఉండదు. పెద్దవాళ్ళు వెంట ఉంటే వందమందికి పైగా పట్టే పెద్ద పడవే నయం. అత్తయ్యగారికి పాపికొండల లాంచీ అలవాటే, ‘గోదారి మీద తిరిగినదాన్ని నాకేంటి’ అంటూనే ఇండియా నుంచి తెచ్చుకున్న అవోమిన్ మాత్ర అరగంట ముందు వేసుకున్నారు, నాకూ ఒకటి ఇచ్చారు. మావారు అక్కర్లేదన్నారు. సముద్రం మరీ కల్లోలంగా లేదు. అయినా గంట గడిచేసరికి లోపల క్యాబిన్‌లో కూర్చున్నవాళ్ళు ఒక్కొక్కరే నోటికి రుమాలు అడ్డం పెట్టుకుని బయటికి రావడం మొదలైంది, వాళ్ళలో మావారూ ఉన్నారు. క్యాబిన్‌లో కాఫీ వాసన, డీజిల్ వాసన కలిసి ఉంటాయి, కిటికీలోంచి అలలు తప్ప ఏమీ కనబడవు. కింది అంతస్తులోనే, వెనక వైపు బయట బల్ల మీద కూర్చుని దూరంగా ఆకాశం నీళ్ళని తాకే గీతనే చూస్తుంటే కడుపులో తిప్పడం చాలావరకు తగ్గుతుంది. అవోమిన్‌తో ఇబ్బంది ఒక్కటే, నిద్ర. కుడివైపు స్ట్రోంబోలి, తర్వాత పనారియా దీవి దాటుతుంటే అత్తయ్యగారు నా భుజం మీద వాలి గుర్రుపెడుతున్నారు.

వుల్కానో దీవి కంటికంటే ముందు ముక్కుకి తగిలింది. ‘ఎవరైనా గుడ్లు ఉడకబెట్టి మర్చిపోయారేంటే’ అంటూ అత్తయ్యగారు ఆ వాసనకే లేచారు. హైడ్రోజన్ సల్ఫైడ్ వాయువు అది. రేవులో దిగగానే ఎదురుగా పసుపు, ఇటుక రంగు కలిసిన రాతి దిబ్బ, దాని పగుళ్ళలోంచి సన్నగా ఆవిరి. కాసేపటికి ముక్కు అలవాటుపడుతుందని అందరూ చెప్పారు. నాకైతే పడలేదు.

రేవు వెనకే పెద్ద బిలం ఉన్న కొండ, 391 మీటర్ల ఎత్తు. పైదాకా ఎక్కి దిగాలంటే ఎంత లేదన్నా రెండు గంటలు. మాకిచ్చింది గంటన్నర. ఈ కొండ చివరిసారి బద్దలైంది 1888 ఆగస్టులో, 1890 మార్చి దాకా రాళ్ళు విసురుతూనే ఉంది. భూకంపాల తీవ్రతని కొలిచే మెర్కల్లి స్కేలు గుర్తుందా? ఆ జుసెప్పె మెర్కల్లి వచ్చి ఆ విస్ఫోటాన్ని దగ్గరగా గమనించి రాసుకున్నాడు. అప్పటికి ఇక్కడ గంధకం, పటిక తవ్వించే ఒక స్కాట్లండ్ ఆయన ఉండేవాడు, దీవిలో చాలా భాగం ఆయనదే. ఆ దెబ్బకి అన్నీ వదిలేసి వెళ్ళిపోయాడు. నిప్పు ఇప్పటికీ ఆరలేదు. 2021 చివర్లో భూమిలోంచి వచ్చే కార్బన్ డయాక్సైడు ఒక్కసారిగా పెరిగింది. ఆ వాయువు గాలికంటే బరువు కదా, పల్లంలో, నేలకి దగ్గరగా చేరుతుంది. నిద్రలో ఉన్నవాళ్ళకి తెలియకుండానే ప్రాణం మీదికి వస్తుందని, రేవు చుట్టుపక్కల ఇళ్ళవాళ్ళని కొన్ని వారాలు రాత్రిపూట అక్కడ పడుకోనివ్వలేదు.

కొండ ఎక్కే సమయం ఎలాగూ లేదు, ఒకప్పుడు జనం ఒళ్ళంతా పూసుకునే గంధకపు బురద మడుగు చుట్టూ కంచె ఉంది. అందుకని తీరం వెంట వేడి నీళ్ళు ఊరే చోటికి వెళ్ళాం. పడవ దిగేముందే మైకులో చెప్పారు, నీళ్ళలో దిగేవాళ్ళు వెండి నగలు తీసి పెట్టుకోండని. నేను పట్టీలు తీసి బ్యాగులో వేసుకుని అత్తయ్యగారికి చెప్పాను.

‘అత్తయ్యా, మెట్టెలు నల్లబడతాయట. తీసి నాకివ్వండి, వచ్చేటప్పుడు పెట్టుకుందురు గాని.’

ఆవిడ నా వంక చూసిన చూపు ఇప్పటికీ గుర్తే. ‘మీ మామయ్యగారు పక్కన నిలబడి ఉండగా మెట్టెలు తీయమంటావేంటమ్మాయ్? శుభమా అని ఊళ్ళు తిరగడానికొచ్చి!’

సరే, తీయలేదు. చీర కాస్త ఎత్తిపట్టుకుని, మామయ్యగారి చెయ్యి పట్టుకుని మోకాలి కింద దాకా దిగారు. అక్కడ సముద్రం అడుగున ఇసకలోంచి బుడగలు గొలుసుల్లా లేస్తుంటాయి. ఒక అడుగు వేస్తే నీళ్ళు చల్లగా, పక్క అడుగు వేస్తే గోరువెచ్చగా ఉంటాయి. ఒక్కోచోట ఇసక చురుక్కుమని అరికాలు కాలుతుంది. మామయ్యగారు అలాంటి చోట కాలు పెట్టి ‘అబ్బా’ అని ఎగిరి, పక్కనున్న జర్మన్ పెద్దాయన్ని పట్టుకున్నారు. ఇద్దరూ నవ్వుకున్నారు. పది నిమిషాల తర్వాత గట్టెక్కి చూస్తే అత్తయ్యగారి మెట్టెలు ముందు పసుపు గోధుమ రంగు, అంచుల్లో నీలం. తువ్వాలుతో తుడుస్తుండగానే ఇంకా ముదిరాయి. వెండి మీద ఆ గంధకపు వాయువు పడితే పైన సిల్వర్ సల్ఫైడ్ పొర కడుతుంది, అంతే, లోపల వెండికి ఏమీ కాదని చెప్పాను. ‘కాకపోతే చాలు, కుంకుడుకాయ రసం పెడితే పోతుందిలే’ అన్నారు. మ్యూనిక్‌లో కుంకుడుకాయలు ఎక్కడ దొరుకుతాయో ఆవిడ అడగలేదు, నేనూ ఎత్తలేదు. బేకింగ్ సోడా వేసిన వేడి నీళ్ళలో అల్యూమినియం రేకు మీద పెడితే చాలావరకు వదిలింది.

దీవికి అవతలి వైపు నల్ల ఇసక బీచి ఉంది, రేవు నుంచి నడిచి పోయేంత దగ్గరే. మావారు కడుపు కుదుటపడి అటు వెళ్ళి ఫోటోలు తీసుకొచ్చారు. ఈత కొట్టాలనుకునేవాళ్ళకి అది మంచి చోటట. వేడి నీళ్ళా, నల్ల ఇసకా, రెండిట్లో ఒకటే ఎంచుకోండి. రెండూ పెట్టుకుంటే దీవంతా పరుగే.

వుల్కానోకీ లిపారికీ మధ్య జలసంధి ఒక కిలోమీటరు కూడా లేనట్టే ఉంటుంది. దాని నోట్లో నీళ్ళలోంచి నిటారుగా లేచిన రాళ్ళు, పడవ వాటికి దగ్గరగా తీసుకెళ్ళి కాసేపు నెమ్మదించారు. ఫోన్లన్నీ ఒకేసారి అటు తిరిగాయి. మామయ్యగారు మాత్రం పైన మెట్ల దగ్గర నిలబడి జనాన్ని లెక్కపెడుతున్నారు. ‘ఎక్కేటప్పుడు చేతిలో క్లిక్కర్ పట్టుకుని నొక్కారమ్మా, దిగేటప్పుడు నొక్కలేదు. తేడా వస్తే ఎవరు తక్కువో ఎలా తెలుస్తుంది?’ అన్నారు. ఆ మాటని నేను సిబ్బందికి అనువదించలేదు.

లిపారి ఏడింటిలోకీ పెద్దది, 37 చదరపు కిలోమీటర్లు. సలీనా మినహా మిగతా దీవులన్నిటికీ మున్సిపాలిటీ ఇక్కడిదే. ఇక్కడ మాకు రెండున్నర గంటలిచ్చారు, సరిగ్గా మధ్యాహ్నం ఎండలో. కోట మీద పురావస్తు మ్యూజియం ఉంది, ఆసక్తి ఉన్నవాళ్ళకి ఆ సమయం దానికే చాలదు. మాది భోజనం పని. ఆ రోజు శనివారం, అత్తయ్యగారు, మామయ్యగారు నీచు ముట్టరు. దీవి అంటేనే చేపలు. అయినా ఇబ్బంది పడలేదు. రేవు పక్క సందులో కాల్చిన రొట్టె మీద టమాటా, ఆలివ్, కేపర్లు, జున్ను లాంటి చీజు పరిచి ఆలివ్ నూనె పోసి ఇచ్చేది దొరుకుతుంది, పానె కున్త్సాతో అంటారు. పళ్ళెమంత ఉంటుంది, ఒకటి తెప్పించుకుంటే ఇద్దరికి సరిపోతుంది. దాని మీద చేప ముక్కలు వేయడం మామూలు, ముందే వద్దని చెప్పాలి. కేపర్లంటే ఒక ముళ్ళ పొద పూల మొగ్గలు, విచ్చుకోకముందే కోసి ఉప్పులో ఊరేస్తారు. అత్తయ్యగారికి అవి తెగ నచ్చి దుకాణంలో ఉప్పులో ఉన్నవే పొట్లం కొన్నారు. వెనిగర్ సీసాల్లో ఉన్నవాటి కంటే అవే రుచి.

ఇంకో దుకాణంలో రెండు బుట్టలు పక్కపక్కన పెట్టి ఉన్నాయి. ఒకదాన్నిండా తెల్లటి బూడిద రంగు రాళ్ళు, చేతిలోకి తీసుకుంటే బరువే లేదు. మన ఇళ్ళలో స్నానాల గదిలో మడమలు రుద్దుకునే ప్యూమిస్ రాయి అది. రెండో బుట్టలో నల్లటి గాజు పెంకులు, అంచు వేలికి తగిలితే తెగేంత పదును. దాన్ని అబ్సిడియన్ అంటారు. చూస్తే ఒకదానికొకటి సంబంధం లేదు, కానీ రెండూ ఒకే రకం శిలాద్రవం. లోపలి వాయువులు పొంగి నురగై గడ్డకడితే ప్యూమిస్, వాయువు పోయి చప్పున చల్లారితే అబ్సిడియన్. అదే బియ్యం వేగి మరమరాలైనట్టు. లోహాలు లేని కొత్త రాతియుగంలో కత్తులకి, బాణపు ములుకులకి ఈ నల్ల గాజే పదును, అందుకే లిపారి అబ్సిడియన్ ఇటలీ అంతటా, సముద్రం దాటి ఇప్పటి క్రొయేషియాలోని దల్మేషియా తీరంలో కూడా తవ్వకాల్లో దొరుకుతుంది. ప్యూమిస్‌ని మాత్రం మొన్నమొన్నటి దాకా గనుల్లో తవ్వి ఓడలకెత్తారు. యునెస్కో అభ్యంతరాల తర్వాత 2007 ప్రాంతంలో ఆపేశారు. పడవ లిపారి తూర్పు తీరం వెంట ఉత్తరానికి పోతుంటే ఆ తెల్లటి కొండవాలు, నీళ్ళలోకి దిగి తుప్పుపట్టిన పాత జెట్టీలు కనబడతాయి. ఆ తెలుపు సముద్రం అడుగున కూడా పరుచుకుని ఉండటంతో నీళ్ళు అక్కడ లేత నీలంగా మెరుస్తాయి.

లిపారి నుంచి స్ట్రోంబోలి గంటన్నర. ఆ గంటన్నరలో కొండ ఎదుగుతూ వస్తుంది. సముద్ర మట్టానికి 924 మీటర్లు, నీళ్ళ కింద ఇంకో రెండు వేల మీటర్లు. అంటే మనకి కనబడేది మూడో వంతు కూడా లేదు. పైన తెల్లటి మబ్బు ఒకటి అతుక్కుని ఉంది. అది మబ్బో పొగో తెలియక పడవలో చర్చ నడిచింది. రెండూనట.

స్కారి రేవులో దిగితే కాళ్ళ కింద బొగ్గులాంటి నల్ల ఇసక, తెల్లటి ఇళ్ళు, గులాబీ రంగు బోగన్‌విలియా. పైకి ఊళ్ళోకి ఎక్కే దారి సన్నం, రెండు చేతులూ చాపితే గోడలు అందుతాయి. అలాంటి దారిలో కార్లు నడవవు. హారన్ మోగింది, మూల తిరిగి వచ్చింది ఆపే. మన ఆపే ఆటోనే! రంగు వేరు, వెనక సామాను తొట్టి, ముందు అదే మూతి, అదే మూడు చక్రాలు. మామయ్యగారు దారి మధ్యలో నిలబడిపోయారు.

‘ఇదేంటమ్మా, ఇది మన రావులపాలెం సెంటర్ బండి!’

పియాజియో ఇటలీ కంపెనీ అనీ, ఈ బండి రెండో ప్రపంచ యుద్ధం తర్వాత ఇక్కడే పుట్టిందనీ, మనకి వచ్చేవి మహారాష్ట్రలో బారామతిలో తయారవుతాయనీ మావారు చెప్పారు. ఆయన తల ఊపుతూ విన్నారు. ‘సర్వీసంతా మా బస్టాపుల ముందర ఆగి మా ప్యాసింజర్లని ఎత్తుకుపోయిందిరా ఇది. పుట్టింటికొచ్చినా వదల్లేదు.’ ఐదు నిమిషాల్లో అత్తయ్యగారి మోకాళ్ళ కోసం ఆ బండివాణ్ణే బతిమాలుకోవాల్సి వచ్చింది. సాన్ విన్చెన్సో చర్చి దాకా ఎక్కడం ఆవిడ వల్ల కాలేదు. వెనక తొట్టిలో ఎదురెదురు బల్లలు, పైన గుడ్డ కప్పు. ఆర్టీసీ రిటైర్డ్ కంట్రోలర్ ఆపే ఎక్కి డబ్బులిచ్చిన ఫోటో మా ఫ్యామిలీ గ్రూపులో ఉంది.

చర్చి ముందర ఖాళీ స్థలంలోంచి సముద్రం మీద స్ట్రోంబొలిక్యో కనబడుతుంది. నిటారుగా నిలబడ్డ ఒంటి రాయి, నెత్తిన దీపస్తంభం. అది పాత అగ్నిపర్వతం గొంతులో గడ్డకట్టిన శిల. చుట్టూ కొండ కరిగిపోయి అదొక్కటే మిగిలింది. గోడల మీద బాణం గుర్తులున్న బోర్డులు, అల బొమ్మ వేసినవి, సునామీ వస్తే ఎటు పరిగెత్తాలో చెప్పేవి. అలంకారానికి పెట్టినవి కావు. 2002 డిసెంబరు 30న కొండవాలు జారి సముద్రంలో పడి నిజంగానే సునామీ లేచింది, తీరంలో ఇళ్ళు దెబ్బతిన్నాయి. 2019 జూలై 3న మామూలు కంటే చాలా పెద్ద పేలుడుకి కొండ మీద నడుస్తున్న ఒకాయన చనిపోయారు, మళ్ళీ ఆగస్టు 28న ఇంకోటి పేలింది. అప్పట్నుంచి శిఖరం దాకా ఎక్కనివ్వడం లేదు, కొంత ఎత్తు వరకే, అది కూడా పరిస్థితిని బట్టి మారే నిబంధనలతో. ఆ నడక కూడా పడవ టైములో కుదిరేది కాదు. 2022 మేలో ఒక టీవీ సీరియల్ షూటింగులో అంటుకున్న మంట కొండవాలు చెట్లన్నీ తినేసింది. ఆగస్టు వానకి ఆ బోడి వాలు మీంచి బురద ఊళ్ళోకి దిగింది. ఇంత జరిగినా ఊళ్ళో జనం మామూలుగా వరండాల్లో కూర్చుని కబుర్లు చెప్పుకుంటున్నారు. చర్చి పక్కన నిమ్మకాయ గ్రనీతా తాగాం. నిమ్మరసం, పంచదార నీళ్ళు కలిపి కలియబెడుతూ గడ్డకట్టించేది, ఎండలో అమృతం.

ఆరుంపావుకి పడవ. ఈసారి ఎక్కేటప్పుడు మామయ్యగారు తన లెక్క తాను లెక్కపెట్టుకున్నారు, ఇద్దరు తక్కువ. పడవవాళ్ళు కూడా రెండుసార్లు హారన్ కొట్టారు. కుర్రాడూ అమ్మాయీ చెప్పులు చేతిలో పట్టుకుని ఇసకలో పరిగెత్తుకుంటూ వచ్చారు. వాళ్ళు ఎక్కగానే ఆయన ‘రైట్ రైట్’ అన్నారు, అలవాటు.

పడవ స్ట్రోంబొలిక్యో చుట్టూ ఒకసారి తిరిగి, దీవికి వాయవ్య దిక్కుకి వెళ్ళింది. అక్కడ ఊరు లేదు, పచ్చదనం లేదు. శిఖరం నుంచి నీళ్ళ దాకా నల్లటి వాలు, పలకగా చెక్కినట్టు. షారా దెల్ ఫువోకో అంటారు, బిలంలోంచి వచ్చేదంతా దొర్లిపడేది దీని మీదే. పడవలు మరీ దగ్గరికి పోకూడదు. తగినంత దూరంలో ఆపి ఇంజిన్ కట్టేశారు. పక్కన ఇంకా కొన్ని పడవలు, అన్నీ లైట్లు తగ్గించుకుని ఊగుతున్నాయి. పొద్దు సముద్రంలో దిగింది. మొదట ఏమీ లేదు. పావుగంట పొగే. వెనక ఎవరో పసివాడు ఏడుస్తున్నాడు. మాకు కూడా ఇంతేనా అన్న టెన్షన్ మొదలైంది.

ముందు వచ్చింది వెలుగు. శిఖరం అంచు వెనక ఎర్రగా ఒక ఊపిరి, ఆ వెంటనే నిప్పుల మొలక పైకి లేచి, పైన విడిపోయి, ఒక్కొక్క ముక్కా విడివిడిగా కనబడుతూ దిగింది. ఆ తర్వాత కొన్ని సెకన్లకి చప్పుడు. ఉరుములా కాదు, లోపల ఎవరో బరువైన తలుపు మూసినట్టు. వాలు మీద పడ్డ ముక్కలు ఎగిరి దొర్లుతుంటే ఎర్ర చుక్కలు చీకట్లో కిందికి పరిగెత్తి ఒక్కొక్కటే ఆరిపోయాయి. చిట్టచివరికి ఒకటి నీళ్ళదాకా వచ్చింది. పడవంతా ఒక్కసారి ‘ఓ’ అంది. అత్తయ్యగారు చేతులు జోడించారు. పసివాడు ఏడుపాపాడు.

లోపల జరిగేది ఇది. గొట్టం లాంటి దారిలో శిలాద్రవం నిలిచి ఉంటుంది, దాంట్లోంచి వాయువు బుడగలు పైకి వస్తూ ఒకదానితో ఒకటి కలిసి పెద్ద బుడగై, పైకి చేరి పగులుతాయి. ఆ పగిలినప్పుడు చుట్టూ ఉన్న ద్రవాన్ని ముక్కలుగా విసురుతాయి. కొన్ని నిమిషాలకొకసారి, ఇంచుమించు రెండు వేల ఏళ్ళుగా ఇదే వరస. నావికులు దీన్ని చూసి దారి తెలుసుకునేవాళ్ళు కాబట్టి మధ్యధరా సముద్రపు దీపస్తంభం అని పేరు. మామయ్యగారు వాచీ చూసి ఒక్కో పేలుడుకీ టైము రాసుకున్నారు, టికెట్ వెనక. పన్నెండు నిమిషాలు, ఏడు, పద్దెనిమిది. ‘టైమింగ్ లేదమ్మా, కానీ సర్వీసు క్యాన్సిల్ కాదు’ అన్నారు.

ఫోన్లో తీసిన ఏ ఫోటోలోనూ ఏమీ రాలేదు. ఊగే పడవలో, చీకట్లో, అంత దూరం నుంచి రాదు. నాలుగు నలకలు, ఒక ఎర్ర మచ్చ. ఆ కాసేపైనా ఫోన్ లోపల పెట్టి చూడండి, తర్వాతిది ఎప్పుడొస్తుందో తెలియదు, రికార్డు బటన్ నొక్కేలోపు అయిపోతుంది.

తిరుగు ప్రయాణం గంటా ముప్పావు. పొద్దున్నటి కంటే గాలి ఎక్కువ, పడవ పక్కకి కూడా ఊగింది. మావారు ఈసారి అవోమిన్ వేసుకుని నిద్రపోయారు. సెప్టెంబరే అయినా రాత్రి సముద్రం మీద చలి, నేను తెచ్చిన స్వెట్టర్ మామయ్యగారికి ఇచ్చి, అత్తయ్యగారు నేను ఒకే శాలువా కప్పుకున్నాం. తొమ్మిది దాటాక ట్రొపేయా దీపాలు గట్టు మీద కనబడ్డాయి. రేవు నుంచి ఊళ్ళోకి మెట్లున్నాయి, చాలా ఉన్నాయి. రోజంతా తిరిగిన పెద్దవాళ్ళతో ఆ వేళప్పుడు అవి ఎక్కడం కష్టం, టాక్సీ ముందే మాట్లాడి పెట్టుకోండి.

మళ్ళీ వెళ్తే మాత్రం నేను ఈ మూడింటి టికెట్ కొనను. మిలాత్సో నుంచి హైడ్రోఫాయిల్ అనే వేగం పడవ ఎక్కి స్ట్రోంబోలిలో దిగి ఒక రాత్రి ఉంటాను. పెద్దవాళ్ళతో, సెలవులు తక్కువున్నప్పుడు ఒక్క రోజు పడవే మేలు. అయితే ఊళ్ళో దిగిన మొదటి రోజుకే బుక్ చేసుకోవాలి. మర్నాడు పొద్దున అల్పాహారం దగ్గర పక్క బల్లన కూర్చున్న పోలండ్ దంపతులకి మెసేజీ వచ్చింది, గాలి వల్ల ఆ రోజు పడవ లేదని, కావాలంటే రేపు రమ్మని. వాళ్ళ విమానం ఆ సాయంత్రమే. మామయ్యగారు జేబులోంచి టికెట్ తీసి, వెనక రాసుకున్న టైములు వాళ్ళకి చూపిస్తూ తెలుగులో వివరించడం మొదలుపెట్టారు.